30 లక్షల హోమ్ లోన్‌కు 20 ఏళ్లలో 62 లక్షలు కట్టాలా? లెక్క తెలిసినవాళ్లు చెప్పండి

పానగల్ రోడ్ వాసి:

అందరికీ నమస్కారం. మాది నల్లగొండ. నేను ప్రైవేట్ కంపెనీలో చేస్తా, మా ఆవిడ స్టాఫ్ నర్స్. ఇద్దరివీ కలిపి చేతికొచ్చేది నెలకు 65 వేలు. ఇప్పుడు 8,500 కిరాయికి ఉంటున్నాం. పానగల్ వైపు ఒక ఇల్లు చూశాం, 40 లక్షలు చెప్తున్నారు. బ్యాంకులో 30 లక్షల లోన్, 20 ఏళ్లు, 8.5 శాతం, నెలకు 26,035 కిస్తీ అని కాగితం మీద రాసిచ్చారు. మోయగలం అనిపించి సంతోషంగా ఇంటికొచ్చా.

మా బాపు వ్యవసాయం చేస్తాడు, కాగితం చూసి ఒక్కటే అడిగాడు, "మొత్తం ఎంత కడతవురా?" అని. ఫోన్‌లో 240తో గుణించి చూస్తే 62 లక్షల 48 వేలు వచ్చింది. అంటే మిత్తే 32 లక్షల పైన. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. మళ్లీ బ్యాంకుకు పోయి అడిగితే టెన్షన్ ఎందుకు, 30 ఏళ్లు పెట్టుకోండి కిస్తీ 23 వేలకు దిగుతుంది అన్నారు. దాంతోపాటు 90 వేల ఇన్సూరెన్స్ ఉంది, చేతి నుంచి కట్టక్కర్లేదు, లోన్‌లోనే కలిపేస్తాం అన్నారు.

ఇంకో మాట. మా దగ్గర తొమ్మిదిన్నర లక్షలు ఉన్నాయి. రిజిస్ట్రేషన్ ఖర్చులతో కలిపి ఇంకో 4 లక్షలు తక్కువ పడుతున్నాయి. బాపు ఊళ్లో తెలిసినాయన దగ్గర రెండు రూపాయల మిత్తికి తెస్తానంటున్నాడు. ఈ ఇల్లు నిజంగా నాకు ఎంతకు పడుతుందో ఎవరైనా విడమరిచి చెప్పండి.

మిల్లు లెక్కలు, మిర్యాలగూడ:

తమ్ముడూ, నేను రైస్ మిల్లులో అకౌంట్స్ రాస్తాను. మీ బాపు అడిగింది సరైన ప్రశ్న, ఆయనకు అర్థమయ్యే లెక్కలోనే చెప్తా. 8.5 శాతం అంటే నూటికి నెలకు 71 పైసల మిత్తి. ఊళ్లో రెండు రూపాయలకు, మూడు రూపాయలకు తెచ్చుకున్నవాళ్లకు ఇది చాలా చవక. మరి 32 లక్షలు ఎక్కడి నుంచి వచ్చాయి? రేటు నుంచి కాదు, అసలు కదలకుండా కూర్చున్నన్ని ఏళ్ల నుంచి వచ్చాయి. ఊళ్లో అప్పు తెస్తే రెండు పంటలకో మూడు పంటలకో తీర్చేస్తాం, ఇక్కడ 20 ఏళ్లు మోస్తాం.

నీ మొదటి కిస్తీ 26,035 తీసుకో. అందులో 21,250 మిత్తికి పోతుంది, అసలుకు జమ అయ్యేది 4,785 మాత్రమే. ఐదేళ్లు ఒక్క నెల తప్పకుండా కట్టావనుకో, నీ జేబులోంచి పోయింది 15 లక్షల 62 వేలు, ఇంకా బాకీ 26 లక్షల 44 వేలు. మూడున్నర లక్షలు మాత్రమే తగ్గిందన్నమాట. అసలు సగానికి, అంటే 15 లక్షలకు దిగేది దాదాపు 166వ కిస్తీకి, పద్నాలుగో ఏడు నిండేముందు. ఇందులో బ్యాంకు మోసం ఏమీ లేదు, మిగిలిన బాకీ మీదే మిత్తి వేస్తారు, బాకీ ఎక్కువున్న మొదటి ఏళ్లలో మిత్తి ఎక్కువ పడుతుంది, అంతే. కానీ ఇది సంతకానికి ముందే తెలిసి ఉండాలి.

30 ఏళ్లు అన్నారు కదా, దాని దగ్గర కాస్త ఆగు. కిస్తీ 23,067 అవుతుంది, నెలకు 2,968 తగ్గినట్టు కనిపిస్తుంది, మొత్తం కట్టేది మాత్రం 83 లక్షలు దాటుతుంది. నెలకు మూడు వేల కోసం ఇరవై లక్షలు ఎక్కువ కట్టడమన్నమాట. అదే 15 ఏళ్లు పెట్టుకుంటే కిస్తీ 29,542, మొత్తం 53 లక్షల 18 వేలు. నెలకు మూడున్నర వేలు ఎక్కువ కడితే తొమ్మిది లక్షల పైన మిగులుతుంది. ఈ మూడూ ఒక కాగితం మీద రాసి బాపుకు చూపించు, ఆయన వెంటనే చెప్తాడు ఏది మంచిదో.

ఇక రెండు రూపాయల మిత్తి. 4 లక్షలకు నెలకు 8 వేలు, ఏడాదికి 96 వేలు, అదీ అసలు ఒక్క రూపాయి తగ్గకుండా. కిస్తీ 26 వేలు, దాని మీద ఈ 8 వేలు, మొత్తం 34 వేలు. మీ జీతాల్లో సగం దాటిపోయింది. హోమ్ లోన్ తీసుకున్న ఇళ్లు ఇబ్బంది పడేది చాలావరకు ఇక్కడే, బ్యాంకు అప్పు దగ్గర కాదు, దాని చుట్టూ చేసిన చిన్న అప్పుల దగ్గర. నా మాట విని అది మాత్రం చేయొద్దు. ఎంత అవసరమైనా బ్యాంకులో బంగారం పెడితే రూపాయి లోపు మిత్తికే దొరుకుతుంది.

మెట్టుగడ్డ అక్క, మహబూబ్‌నగర్:

పైన అన్న చెప్పింది అంతా నిజం, కానీ ఆ లెక్క 20 ఏళ్లు రేటు మారకపోతేనే. నాకు జరిగింది చెప్తాను.

2021 అక్టోబర్‌లో 24 లక్షలు తీసుకున్నాం, 6.7 శాతానికి, 20 ఏళ్లు, కిస్తీ 18,178. అది ఫ్లోటింగ్, అంటే రేటు మధ్యలో మారే లోన్, అని సంతకం పెట్టిన రోజు మాకు ఎవరూ చెప్పలేదు, మేమూ అడగలేదు. 2022 మే నుంచి రిజర్వ్ బ్యాంకు రెపో రేటు, అంటే తను బ్యాంకులకు అప్పిచ్చే రేటు, పెంచడం మొదలుపెట్టింది, 4 శాతం ఉన్నది 2023 ఫిబ్రవరికి 6.5 అయింది, మా రేటు 9.2కి పోయింది. కిస్తీ మాత్రం అదే 18,178, బ్యాంకు నుంచి ఫోన్ లేదు, ఉత్తరం లేదు. మేము ఏమీ మారలేదనుకున్నాం. ఒక రోజు స్టేట్‌మెంట్ తీసి చూస్తే నెలకు దాదాపు 17,930 మిత్తికి పోతోంది, అసలుకు జమ అవుతున్నది 250 రూపాయలు. రెండు వందల యాభై! పదహారు నెలలు కట్టాక 23 లక్షల 39 వేలు బాకీ ఉంది. అదే కిస్తీతో తీరాలంటే ఇంకా దాదాపు 47 ఏళ్లు పడుతుందని మా తమ్ముడు లెక్క కట్టి చెప్పాడు. నాకు చేతులు వణికాయి.

బ్యాంకుకు పోతే చివరికి చెప్పారు, మొదట అనుకున్న గడువులోనే తీరాలంటే కిస్తీ 21,900 దాకా పెంచాలి అని. పెంచాం. చిట్టీ ఎత్తి మూడు లక్షలు అసలుకు కట్టాం. ఫ్లోటింగ్ రేటు హోమ్ లోన్‌కు ముందుగా కడితే పెనాల్టీ వేయకూడదని 2012లోనే రిజర్వ్ బ్యాంకు బ్యాంకులకు చెప్పింది, అది మాకు అప్పుడు తెలిసింది. 2023 ఆగస్టులో ఇంకో ఉత్తర్వు ఇచ్చారు, రేటు మారి కిస్తీ గానీ గడువు గానీ మారితే మనకు చెప్పాలి, కిస్తీ పెంచాలా గడువు పెంచాలా అన్నది మనల్ని అడగాలి, ఫిక్స్‌డ్‌కు, అంటే మారని రేటుకు, మారే అవకాశం కూడా ఇవ్వాలి (2025 అక్టోబర్ నుంచి ఇది బ్యాంకు ఇష్టానికే వదిలేశారు), మూడు నెలలకోసారి స్టేట్‌మెంట్ ఇవ్వాలి అని. మాకు ఒక ఏడాది ముందు వచ్చి ఉంటే ఎంత బాగుండేది.

తమ్ముడూ, నువ్వు అడగాల్సింది ఒకటుంది. రేటు ఇంకో రెండు శాతం పెరిగితే నా కిస్తీ ఎంత అవుతుంది అని. ఆ కిస్తీ కూడా మోయగలిగితేనే ముందుకు పో. 2025లో రేట్లు తగ్గాయి, మాకూ తగ్గింది, అప్పుడు కిస్తీ తగ్గించమంటారా అని అడిగితే వద్దన్నాం. పాత కిస్తీయే కడుతున్నాం, ఆ తేడా అంతా అసలుకే పోతోంది.

దేవరకొండ మాస్టారు:

నేను రిటైర్డ్ టీచర్‌ను. అందరూ మంచి మాటలే చెప్పారు కానీ ఈ బాబు 62 లక్షలు చూసి భయపడిపోయి ఇల్లే మానుకుంటాడేమోనని రాస్తున్నా.

2004లో నేను 4 లక్షలు తీసుకున్నాను, 15 ఏళ్లు, 8 శాతం ఫిక్స్‌డ్, నెలకు 3,823. అప్పుడు నా జీతం 11 వేలు. మొదటి నాలుగేళ్లు పండక్కి కొత్త బట్టలు కూడా ఆలోచించి కొన్నాం. 2019లో ఆఖరి కిస్తీ కట్టేనాటికి అది జీతంలో పదో వంతు కూడా కాదు. ఇరవయ్యో ఏట నువ్వు కట్టే 26,035, ఇవాళ్టి 26,035 ఒకటి కావు. ధరలు ఏటా 6 శాతం పెరుగుతాయనుకుంటే అది ఇవాళ్టి 8,100తో సమానం. కాబట్టి 32 లక్షల మిత్తిని ఇవాళ్టి 32 లక్షలుగా చూడకు బాబూ. కిరాయి కూడా కలుపుకో, 8,500 అక్కడే ఆగదు.

అయితే నాది ప్రభుత్వ ఉద్యోగం, డీఏ (కరువు భత్యం) పెరిగింది, పీఆర్‌సీలు (జీతాల సవరణలు) వచ్చాయి. ప్రైవేట్‌లో అలా పెరుగుతుందని నేను చెప్పలేను. అందుకే ఆరు నెలల కిస్తీలు విడిగా పెట్టుకోకుండా రిజిస్ట్రేషన్‌కు పోవద్దు. ఉన్నదంతా ఊడ్చి ఇంట్లో పెట్టి, మరుసటి నెల బోరు ఎండి తండ్రి ఫోన్ చేస్తే మళ్లీ రెండు రూపాయల మిత్తి ఇంటి గడప తొక్కాల్సి వస్తుంది. చేతిలో కొంత ఉంచుకుని, ఏడాదికి ఒక్క కిస్తీ అదనంగా కట్టినా చాలు, 20 ఏళ్ల అప్పు పదహారేళ్ల ఎనిమిది నెలలకు తీరుతుంది, మిత్తి ఆరు లక్షల పైన మిగులుతుంది.

జడ్చర్ల ఫైళ్లు:

లోన్ ఫైళ్లు చూసే పనిలో కొన్నాళ్లు ఉన్నాను, ఇన్సూరెన్స్ సంగతి ఎవరూ ఎత్తలేదు కాబట్టి చెప్తున్నా. 90 వేలు లోన్‌లో కలిపేస్తాం అంటే అది కూడా 8.5 శాతం అప్పే. నెలకు 781 రూపాయలు, 20 ఏళ్లలో 1 లక్షా 87 వేలు. ఇన్సూరెన్స్ వద్దనడం లేదు, ఇంత అప్పు ఉన్నప్పుడు తప్పకుండా ఉండాలి, ఇద్దరూ సంపాదిస్తున్నారు కాబట్టి ఇద్దరి పేరు మీదా ఉండాలి. కానీ విడిగా టర్మ్ పాలసీ, అంటే మనిషి పోతేనే డబ్బు వచ్చే బీమా, ఎంత పడుతుందో కనుక్కుని పోల్చి చూడండి. మా దగ్గర తీసుకుంటేనే లోన్ ఇస్తాం అని బలవంతం చేయకూడదు.

ఇంకా, 2024 అక్టోబర్ 1 నుంచి ప్రతి కొత్త రిటైల్ లోన్‌కు (హోమ్ లోన్ లాంటి సొంత అవసరాల లోన్‌కు) కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్, అంటే లోన్ ముఖ్య వివరాలన్నీ రాసిన కాగితం, ఇవ్వాలి. అందులో ఏపీఆర్ అని ఒక అంకె ఉంటుంది, ఫీజులు, చార్జీలు అన్నీ కలిపితే నిజంగా పడే వార్షిక రేటు అది. రెండు బ్యాంకులను పోల్చాలంటే బోర్డు మీద రాసిన రేటు కాదు, ఇది చూడాలి. ప్రాసెసింగ్ ఫీజు మీద 18 శాతం జీఎస్టీ ఉంటుంది. మన రాష్ట్రంలో రిజిస్ట్రేషన్‌కు స్టాంపు డ్యూటీ, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ, ఫీజు కలిపి 7.5 శాతం, 40 లక్షలకు 3 లక్షలు. లోన్ తీసుకుంటే ట్యాక్స్ మిగులుతుంది అని ఎవరైనా చెప్తే మీ జీతాలకు అది వర్తించదు. ఇన్‌కమ్ ట్యాక్స్ కొత్త విధానంలో 12 లక్షల ఆదాయం దాకా మీకు ట్యాక్సే లేదు, మనం ఉండే ఇంటి మిత్తికి అందులో మినహాయింపూ లేదు.

లోన్ తీరాక కాగితాలు 30 రోజుల్లో తిరిగి ఇవ్వాలి, వాళ్ల వల్ల ఆలస్యమైతే రోజుకు 5 వేలు చొప్పున మీకు కట్టాలి, ఇది 2023 డిసెంబర్ నుంచి ఉంది. చాలా దూరం మాటే అనుకోండి, అయినా గుర్తుంచుకోండి.

పానగల్ రోడ్ వాసి:

అందరికీ చాలా చాలా థ్యాంక్స్. రాత్రి బాపును పక్కన కూర్చోబెట్టుకుని 15, 20, 30 ఏళ్లవి మూడూ నోట్‌బుక్‌లో రాశాను. 30 ఏళ్లది చూసి ఆయనే కొట్టేశాడు. రెండు రూపాయల మిత్తి మాట కూడా ఇక ఎత్తనన్నాడు. మా ఆవిడ చిట్టీ ఇంకో ఏడు నెలల్లో అయిపోతుంది, 5 లక్షలు వస్తాయి. అప్పటిదాకా ఆగమని ఇల్లు అమ్మే ఆయనను అడుగుతాం, ఒప్పుకోకపోతే ఇంకో ఇల్లు చూసుకుంటాం.

20 ఏళ్లకే తీసుకుని, నెలనెలా 29,542 కడదామని అనుకుంటున్నాం. అలా అయితే 15 ఏళ్లలోనే తీరుతుంది, ఏదైనా కష్టం వచ్చిన నెల 26,035 కట్టి ఊపిరి పీల్చుకోవచ్చు. మెట్టుగడ్డ అక్క చెప్పినట్టు 10.5 శాతం పెట్టి చూశాను, కిస్తీ 30 వేలకు కాస్త తక్కువ వస్తోంది. కష్టమే కానీ మోయగలం. ఈ పద్ధతిలో ఏమైనా తప్పుందా అన్నా?

మిల్లు లెక్కలు, మిర్యాలగూడ:

పద్ధతి బాగుంది. ఒక్కటి చూసుకో. ఎక్కువ కట్టిన మూడున్నర వేలు అసలుకే జమ చేయాలని, కిస్తీ తగ్గించకుండా గడువు తగ్గించాలని బ్యాంకుకు రాసిచ్చి, రసీదు ముద్ర వేయించుకో. చెప్పకపోతే ముందస్తు కిస్తీ కింద పక్కన పెట్టేసే అవకాశం ఉంది, అప్పుడు మిత్తి తగ్గదు. మొదటి స్టేట్‌మెంట్ రాగానే బాకీ ఎంత చూపిస్తోందో ఇక్కడ రాయి, ఇద్దరం కలిసి సరిచూద్దాం.