హేగ్ కోర్టు వల్ల ఎవరికేం ఒరిగింది?

కామేశ్వరి_వడపళని:
మా కింది వాటాలో ఉండే పెద్దావిడది శ్రీలంకలోని వవునియా. 2009 మేలో అక్కడి యుద్ధం ముగిసేటప్పుడు ముల్లివైక్కాల్ దగ్గర కొడుకు సైన్యానికి లొంగిపోయాడట. ఇప్పటికీ కబురు లేదు. ఆ చివరి నెలల్లో 40,000 మంది దాకా పౌరులు పోయి ఉండొచ్చని ఐక్యరాజ్యసమితి నిపుణులు 2011లో రాశారు. ఒక్క పెద్ద అధికారికైనా శిక్ష పడిందా? హేగ్ కోర్టు ఉండి ఏం లాభం?

పెరంబూరు_శాస్త్రి:
ఏ హేగ్ కోర్టమ్మా? అక్కడ రెండున్నాయి. దేశాల తగాదాలు తీర్చేది వేరు, మనుషుల్ని బోనెక్కించేది వేరు. రెండోదానికి ఆధారమైన రోమ్ ఒప్పందం మీద శ్రీలంక సంతకం పెట్టలేదు. మనమూ పెట్టలేదు.

కామేశ్వరి_వడపళని:
భద్రతా మండలే కేసు పంపితే సంతకంతో పనేముంది? 2005లో సూడాన్‌లోని డార్ఫర్ సంగతి పంపారుగా.

తిన్నగా_చెప్తా:
పంపి? ఆ కోర్టు వారెంటున్న సూడాన్ అధ్యక్షుడు అల్ బషీర్ 2015లో దక్షిణాఫ్రికా వెళ్లి దర్జాగా ఇంటికొచ్చాడు.

వలసవాది:
మా నాన్న స్థలం కేసు 19 ఏళ్లుగా ఇక్కడే తేలలేదు. మీరు హేగ్ అంటున్నారు.

పెరంబూరు_శాస్త్రి:
ఏ కోర్టో ఆవిడ ఇంకా చెప్పలేదు.

కామేశ్వరి_వడపళని:
వాళ్ల దేశం కోర్టులు కాని ఏ కోర్టైనా సరే! మిరుసువిల్‌లో 2000లో ఎనిమిది మంది తమిళుల్ని చంపిన సైనికుడికి అక్కడి కోర్టు 2015లో మరణశిక్ష వేసింది. 2020లో అప్పటి అధ్యక్షుడు గొటబయ క్షమాభిక్ష పెట్టి వదిలేశాడు. మీకు కోర్టు పేరే పట్టింది, పోయినవాళ్లు పట్టలేదు. పోయింది మనవాళ్లు కాదు కదా!

పెరంబూరు_శాస్త్రి:
నోరు జాగ్రత్త. మా తమ్ముడు 1987లో మన సైన్యం పంపిన శాంతిసేనతో జాఫ్నా వెళ్లాడు. కాలు అక్కడే వదిలొచ్చాడు. ఆ అక్టోబరులో జాఫ్నా ఆసుపత్రిలో డాక్టర్లు, నర్సులు, రోగులు చచ్చిపోయారు. మనవాళ్లే కాల్చారని అక్కడివాళ్లంటారు, ఎదురుకాల్పుల్లో పోయారని మన సైన్యం అంది. బయటివాళ్లు వచ్చి తవ్వితే ఆ ఒక్క మే నెలే తవ్వుతారా? మా వాణ్ణీ పిలుస్తారు. అప్పుడు కూడా ఇంత గట్టిగా అడుగుతారా మీరు?

తిన్నగా_చెప్తా:
2002 జులై 1కి ముందువి మనుషుల్ని బోనెక్కించే ఆ కోర్టు ముట్టుకోదు సార్. మీ తమ్ముడికేం కాదు.

పెరంబూరు_శాస్త్రి:
నేనడిగింది అది కాదు.

కామేశ్వరి_వడపళని:
అడుగుతాను శాస్త్రిగారూ. మనవాళ్లైనా అడగాల్సిందే. ఇంతకీ ఆయన ఆ ఆసుపత్రి వైపు వెళ్లారా?

పెరంబూరు_శాస్త్రి:
తెలీదు. ముప్పై ఏళ్ల పైనైంది, నేనడగలేదు. అడగను.

వలసవాది:
స్థలం కేసులకి ఎగ్మోరు వైపు మంచి వకీలు ఎవరైనా తెలుసా?