‘ఛాయాచిత్రం’లో ఛాయ నీడేనా?

సీతమ్మధార నుంచి:
అడవి జంతువుల, పక్షుల ఫొటోలు తీసే మిత్రులం కొందరం చిన్న ప్రదర్శన పెడుతున్నాం. ఆహ్వానపత్రంలో ‘ఛాయాచిత్రాలు’ అని రాశాం. మా అబ్బాయి చూసి, “ఫొటోగ్రఫీ అన్న మాటకు గ్రీకు మూలంలో వెలుగుతో రాయడం అని కదా అర్థం, మనవాళ్లు నీడబొమ్మ అన్నారేమిటి నాన్నా?” అన్నాడు. నాకు జవాబు తోచలేదు.

పెదవాల్తేరు నుంచి:
ఛాయ అంటే నీడ ఒక్కటే కాదండీ. సంస్కృతంలోనే కాంతి, వన్నె అనే అర్థాలూ ఉన్నాయి. మన చామనచాయలో ఉన్నది రంగే. ‘నాయనమ్మ ఛాయలు కనబడుతున్నాయి’ అంటే పోలిక. పొట్టు తీసిన మినుములు చాయపప్పు అయ్యాయి, అందులో నీడ ఎక్కడుంది? మీ అబ్బాయి ప్రశ్న మంచిదే, మాట కూడా మంచిదే.

సీతమ్మధార నుంచి:
గురువుగారూ, వన్నె అనగానే ముడసర్లోవ దగ్గర లకుముకి పిట్ట గుర్తొచ్చింది. దాని వీపు మీది నీలం రంగు పూత కాదు, ఈకల నిర్మాణంలో వెలుగు చెదిరి అలా కనిపిస్తుంది. మిట్టమధ్యాహ్నం తీసినవన్నీ వెలిసిపోయాయి. మబ్బు పట్టిన ఉదయం, కొమ్మ నీడలో కూర్చున్నప్పుడు తీసిన ఒక్కదానిలోనే ఆ నీలం దక్కింది. నీడే వన్నె తెచ్చింది!

మద్దిలపాలెం నుంచి:
ఇంకో అర్థం వదిలేశారు. ‘ఆ ఛాయలకు పోవద్దు’ అంటాం కదా, దరిదాపులు అని. నాకైతే ఈ పనిలో అదే ముఖ్యం. జోడుగుళ్లపాలెం తీరంలో ఆలివ్ రిడ్లీ తాబేళ్లు గుడ్లు పెడతాయి. పిల్లలు ఇసుకలోంచి రాగానే వెలుగు ఎక్కువున్న వైపు పాకుతాయి. చీకటి తీరంలో అయితే ఆ వైపు సముద్రమే ఉంటుంది. ఇక్కడ రోడ్డు దీపాలకే దారి తప్పుతాయి, దానికి తోడు మన ఫ్లాషు! మొదట్లో నేనూ దగ్గరికి వెళ్లి మోకాళ్ల మీద కూర్చున్నదాన్నే, సిగ్గుగా ఉంది. ఈసారి తెల్లవారే దాకా ఆగి, తల్లి తాబేలు సముద్రంలోకి తిరిగి వెళ్లిన జాడ మాత్రం తీశాను. ఏటవాలు వెలుగులో ప్రతి గాడిలోనూ కాస్త నీడ. తాబేలు లేదు, అయినా ఉన్నట్టే ఉంది.

పెదవాల్తేరు నుంచి:
బాగుందమ్మా. ప్రాణం తీయడానికీ, రాగం తీయడానికీ, ఫొటో తీయడానికీ మనకు ఒకటే క్రియ. నీది రాగం వైపు.

సీతమ్మధార నుంచి:
లకుముకి ముక్కు ఫ్రేము నిండా ఉన్న ఫొటో ఒకటి గోడకు పెట్టాలనుకున్నాం. దాన్ని పక్కన పెడతాం. ఆ జాడల ఫొటో మాకు ఇస్తారా అమ్మా? ప్రదర్శనకు ‘ఛాయలు’ అని పేరు పెడదాం.

మద్దిలపాలెం నుంచి:
తప్పకుండా ఇస్తానండీ. అచ్చులో మాత్రం వత్తు ‘ఛ’ పడేలా చూడండి. లేకపోతే పప్పు కొనడానికి వస్తారు.