మూకీ కామెడీల్లో ప్రేమ ఉందా, ఉత్త సాకేనా?

నేలటికెట్టు:
సూటిగా అడుగుతాను. 1910లు, 20ల నాటి అమెరికా మూకీల్లో, ఆ ఇరవై నిమిషాల రెండు రీళ్ల కామెడీల్లో, ప్రేమ అంటూ ఉందా? అమ్మాయి పక్కన నిలబడుతుంది, ఆమె కోసం ఇద్దరు తన్నుకుంటారు, చివర్లో పోలీసులు వెంటపడతారు. తన్నులాటకో సాకు కావాలి, అంతే. వీటిని రొమాంటిక్ కామెడీ లెక్కలో వేయడం నాకు మింగుడుపడదు.

రెండోఆట:
కీస్టోన్ స్టూడియో బాపతు కామెడీల్లో చాలావాటికి మీ మాట సరిపోతుంది. కానీ హాస్యనటుడు బస్టర్ కీటన్ ‘వన్ వీక్’ (1920) చూడండి. కొత్త జంటకు పెళ్లి కానుకగా పెట్టెల్లో సర్దిన ఇల్లు వస్తుంది. నంబర్ల ప్రకారం బిగించుకోవాలి. పెళ్లికూతురి మీద ఆశపడి భంగపడ్డవాడు ఆ నంబర్లు మార్చేస్తాడు, ఇల్లు వంకరటింకరగా లేస్తుంది. సిబిల్ సీలీ చేసిన ఆ పెళ్లికూతురు మూల కూర్చునే రకం కాదు. స్నానం సీన్లో సబ్బు తొట్టి బయట పడుతుంది. ఆమె అందుకోబోతూ మనవైపు చూస్తుంది, ఎవరిదో చెయ్యి వచ్చి కెమెరాను మూసేస్తుంది! చివరికి రైలు గుద్ది ఇల్లు తుక్కయితే, ‘అమ్మబడును’ బోర్డు పెట్టి, బిగించే పద్ధతి రాసిన కాగితం కూడా తగిలించి, చేతులు పట్టుకుని వెళ్లిపోతారు. ఇది ప్రేమ కాకపోతే మరేమిటి?

నేలటికెట్టు:
బాగుందండీ, కానీ అది పెళ్లయ్యాక కథ. మనసు పడటంలోంచి పుట్టే హాస్యం ఏదీ? చాప్లిన్ ‘ది ఇమిగ్రెంట్’ (1917) అనకండి. అందులో నవ్వంతా హోటల్ బిల్లుకు డబ్బుల్లేని టెన్షన్‌దే.

బాల్కనీ:
మధ్యలో దూరుతున్నా, ఏమనుకోకండి. హీరోయిన్ ఎదురుగా ఉంది కాబట్టే సార్ ఆ టెన్షన్! అదే బల్ల దగ్గర ఆ హీరోయిన్ ఎడ్నా పర్వియన్స్ చేతిలో నల్ల అంచు రుమాలు (అయినవాళ్లు పోతే పట్టుకునేది) చూసి, ఆమె తల్లి పోయిందని గ్రహించి చాప్లిన్ మెత్తబడతాడు. ఇక అమ్మాయి సాకు అన్నారు గనక, దర్శకురాలు ఆలిస్ గీ 1913లో తీసిన ‘మ్యాట్రిమనీస్ స్పీడ్ లిమిట్’ సంగతేమిటి? ఆస్తి పోయిందని ప్రియుడు పెళ్లి వద్దంటాడు. మధ్యాహ్నం పన్నెండులోపు పెళ్లాడితే ఆస్తి వస్తుందని ఆమే దొంగ టెలిగ్రాం కొట్టిస్తుంది. కథ నడిపేది అమ్మాయే. (నల్లజాతి స్త్రీ మీద వేసిన జోకు మాత్రం ఇప్పుడు చూస్తే చిరాకు.)

నేలటికెట్టు:
రుమాలు సంగతి ఒప్పుకుంటా. టెలిగ్రాం ఒప్పుకోను. అది అందాక వాడు రోడ్డు మీద కనబడ్డ ప్రతి ఆడమనిషినీ పెళ్లాడమంటాడు కదండీ! ఆ పరుగు ఆమె కోసమా, ఆస్తి కోసమా?