పదో తరగతి పిల్లలకు పురుడు సినిమా వెయ్యొచ్చా?

రాజాం నాన్న: మా పాప చదివే బళ్లో మొన్న శనివారం కడుపులో బిడ్డ ఎలా పడుతుందో, ఎలా పెరుగుతుందో చూపించే, స్వీడన్ ఫొటోగ్రాఫర్ లెనార్ట్ నిల్సన్ 1983 సినిమా ‘ది మిరాకిల్ ఆఫ్ లైఫ్’ వేశారు. మగపిల్లలూ ఆడపిల్లలూ ఒకే గదిలో. ఆఖర్న పురుడు దాచకుండా చూపిస్తారట. మమ్మల్ని ఒక్కమాట అడగలేదు. ఇది సబబేనా?

చీపురుపల్లి మాస్టారు: పదో తరగతి సైన్సులో ప్రత్యుత్పత్తి పాఠం ఉన్నదే కదండీ. నేనూ వేశాను. అండం మిల్లీమీటరులో పదో వంతు. అండనాళంలో నూగులాంటి సన్నని వెంట్రుకలు దాన్ని గర్భాశయం వైపు నెడుతుంటే మా పిల్లలు ఊపిరి బిగబట్టి చూశారు. సుద్దముక్కతో ఇన్నేళ్లు గీసినా క్లాసు అలా కూర్చోలేదు.

రాజాం నాన్న: నేనడిగింది అండం గురించి కాదు మాస్టారూ. పురుడు సీను గురించి.

ఆమదాలవలస: కామెంటరీ ఇంగ్లీషే కదా, తెలుగులో ఎవరు చెప్పారు?

వంశధార: ఆ సీను ఆపేసి మిగతాది వేస్తే గొడవ ఉండదు.

రాజాం నాన్న: ఉంటుంది. పక్కన మగపిల్లలుంటే ఆడపిల్ల తలెత్తుకుంటుందా?

బొబ్బిలి కోడలు: మగపిల్లలే ముందు చూడాలి. నాకు ముగ్గురూ ఆడపిల్లలే. మూడో కాన్పుకి మా అత్తగారు ఆస్పత్రి వరండాలోంచే వెనక్కెళ్లిపోయారు, బిడ్డ మొహం చూడలేదు. మా ఆయన డిగ్రీ చదివారు, నోరు మెదపలేదు. అండంలో ఉండేది ఎక్స్ క్రోమోజోమే, మగబిడ్డ పుట్టడానికి కావాల్సిన వై రావాలంటే మగాడి వీర్యకణం నుంచే రావాలి. ఈ ముక్క ఆయనకి పదో తరగతిలోనే బుర్రకెక్కి ఉంటే నేనన్ని మాటలు పడేదాన్ని కాదు.

రాజాం నాన్న: మీ ఇంటి గొడవ మా పిల్లల మీద రుద్దకండమ్మా. ఇవన్నీ చూసే మేం పిల్లల్ని కన్నామా?

బొబ్బిలి కోడలు: కన్నది మీ ఆవిడ. ఆవిణ్ని అడిగి రాయండి.

వంశధార: మాట తూలకండి ఇద్దరూ.

రాజాం నాన్న: నా బాధ మీకేటి తెలుసు? పరీక్షలయ్యాక మేనత్త కొడుక్కి ఇద్దామనుకున్నాం. సినిమా అయ్యాక ఏఎన్ఎమ్ నర్సమ్మ ఏటి చెప్పిందో, ఆ రాత్రే గుంట వాళ్లమ్మతో ‘పద్దెనిమిది నిండకుండా పెళ్లి లేదు’ అని తెగేసి చెప్పింది. ఇక ఇంట్లో నా మాటకి విలువేటి?

చీపురుపల్లి మాస్టారు: పాప సరిగ్గానే చెప్పింది. ఆ వయసులో కాన్పంటే తల్లికి రక్తం చాలదు, బిడ్డ బరువు తక్కువగా పుట్టే ప్రమాదమూ ఎక్కువే. 2006 బాల్యవివాహాల నిషేధ చట్టం ప్రకారం ఆ పెళ్లి చేసిన పెద్దలకి జైలు. సంబంధం ఆపండి.

రాజాం నాన్న: నా కూతురి సంగతి నేను చూసుకుంటాను.

బొబ్బిలి కోడలు: రాజాం వైపు టీచర్లెవరైనా ఇది చదువుతుంటే, పిల్లల హెల్ప్‌లైన్ 1098 నంబరు సోమవారం క్లాసులో బోర్డు మీద పెద్దక్షరాలతో రాయండి.