జూనియర్ ఆర్టిస్ట్‌గా వెళ్తే తర్వాత క్యారెక్టర్ వేషాలు ఇవ్వరా?

అందరికీ నమస్కారం. నాకు 36 ఏళ్లు, ఉండేది యూసుఫ్‌గూడలో, పగలు అకౌంట్స్ ఉద్యోగం, సాయంత్రాలు నాటకం రిహార్సల్స్. హీరో అవ్వాలని లేదు (మా ఇంట్లోనూ అద్దం ఉంది). కోట శ్రీనివాసరావు గారిలా ఒకసారి భయపెట్టి ఇంకోసారి నవ్వించే వేషాలు వేయాలని కోరిక. ఆయన కూడా బ్యాంకు ఉద్యోగం చేస్తూ నాటకాలు వేసినవారే, 1978లో 'ప్రాణం ఖరీదు'తో సినిమాల్లోకి వచ్చారు, 1985లో 'ప్రతిఘటన' విలన్, రెండేళ్లకే 'అహ నా పెళ్ళంట'లో ఆ పిసినారి. మధ్యలో ఏడేళ్లు చూడండి! అంత ఓపిక నాకూ ఉంది.

సమస్య ఏంటంటే, కృష్ణానగర్‌లో ఒక కోఆర్డినేటర్ ద్వారా రెండు సినిమాల్లో కానిస్టేబుల్‌గా నిలబడ్డాను, ఒక్క డైలాగ్ లేదు, మూడోదానికి పిలిస్తే అదీ కానిస్టేబులే. గుంపులో మొహం అలవాటైపోతే ఇక డైలాగ్ వేషం రాదని సెట్లో ఒక పెద్దాయన అన్నారు, అప్పటి నుంచి ఒకటే టెన్షన్. ఇంకొకాయన నలభై వేలు కడితే మంచి వేషం ఇప్పిస్తానన్నాడు, నేను కట్టలేదు.

ఈ మూడోది ఒప్పుకోవాలా, మానేసి డెమో వీడియోలు చేసుకుని నేరుగా కాస్టింగ్ వాళ్లకి, కో-డైరెక్టర్లకి పంపుకోవాలా? యాసలు మార్చి నాలుగు రకాలు చేసి చూపిస్తే మంచిదా, ఒకటే గట్టిగా చేయాలా? ఉద్యోగం ఉంచుకునే ఈ దారిలో నడిచినవాళ్లు ఉంటే, సెలవులు ఎలా సర్దుకున్నారో కూడా చెప్పండి ప్లీజ్. శుక్రవారంలోపు ఆ కోఆర్డినేటర్‌కి అవునో కాదో చెప్పాలి.