రోమ్ అరేనాలో మధ్యాహ్నపు మరణశిక్షలు: జనం ఎలా చూడగలిగారు?

అందరికీ నమస్కారం. ప్రాచీన రోమ్ గ్లాడియేటర్ల (అరేనా అనే పోటీ మైదానంలో జనం ముందు ఆయుధాలతో పోరాడే యోధుల) గురించి చదువుతూ ఒకచోట ఆగిపోయాను. తెలిసినవాళ్లు దయచేసి సాయం చేయండి.

గ్లాడియేటర్ల పోరు కొంతవరకు అర్థమైంది. రోమ్‌లో క్రీ.పూ. 264లో ఒక ప్రముఖుడి అంత్యక్రియల్లో మూడు జంటల పోరుతో మొదలై, తర్వాత పెద్ద వ్యాపారమైంది. శిక్షణకి, తిండికి, వైద్యానికి బోలెడు ఖర్చు కాబట్టి ఓడినవాణ్ణి ప్రతిసారీ చంపేవారు కాదు. ఇటలీలో అగ్నిపర్వతపు బూడిద కింద పూడిపోయిన పాంపేయి నగరపు గోడల మీద గెలిచినవాడి పేరు పక్కన 'వి', ఓడినా ప్రాణాలతో వదిలేసినవాడి పక్కన 'ఎం' అని గీసిన లాటిన్ అక్షరాలు దొరికాయి. ఇప్పటి టర్కీలో ఉన్న ప్రాచీన నగరం ఎఫెసస్ శ్మశానంలో దొరికిన గ్లాడియేటర్ల ఎముకల్లో చక్కగా మానిన గాయాలున్నాయి.

నన్ను కలవరపెడుతున్నది మధ్యాహ్నపు తంతు. పొద్దున జంతువుల వేట, చివర్లో గ్లాడియేటర్లు, ఆ మధ్యలో శిక్ష పడ్డవాళ్ల చావు. రోమన్ తత్వవేత్త సెనెకా తన ఏడో లేఖలో దీన్ని వర్ణించాడు: డాలు లేదు, శిరస్త్రాణం లేదు, ఒకణ్ణి చంపినవాణ్ణి వెంటనే ఇంకొకడి ముందు నిలబెడతారు. జనం "చంపు, కొట్టు, కాల్చు" అని అరుస్తుంటారు. చదివాక నాకు చాలాసేపు మనసు బాగోలేదు.

నైపుణ్యం చూపిన గ్లాడియేటర్‌ని వదిలేయమని కోరే అదే జనం, వీళ్ల విషయంలో ఎందుకు కరగలేదు? నేరస్థులు, బానిసలు అన్న భావనే కారణమా? నాకైతే అదొక్కటే చాలదనిపిస్తోంది. సెనెకా కాకుండా, ఆ మెట్ల మీద కూర్చున్న మామూలు ప్రేక్షకుల మనసు తెలిసే శాసనాలు, మొజాయిక్‌లు (రంగురాళ్ల ముక్కలతో కూర్చిన చిత్రాలు), ఉత్తరాలు ఏమైనా ఉన్నాయా? తెలుగులో మంచి పుస్తకం ఉంటే పేరు చెప్పండి, ఇంగ్లీషులోదైనా ఫర్వాలేదు.