ఎనర్వేట్, నాయిసమ్, పెనల్టిమేట్... అర్థాలు గుర్తుండటం లేదు

ప్రశ్న: అందరికీ నమస్కారం. ఇంగ్లిష్‌లో అరుదుగా కనిపించే మాటలు నోట్సులో రాసుకుంటున్నాను. రాసేటప్పుడు బాగానే ఉంటుంది, వారం తిరిగేసరికి అన్నీ కలగాపులగం అవుతున్నాయి. ఎనర్వేట్, నాయిసమ్, పెనల్టిమేట్, డిఫెనెస్ట్రేషన్, పెట్రికోర్ - వీటి అర్థాలు కాస్త విడమరిచి చెప్తారా?

జవాబు: ఇందులో మొదటి మూడింటితోనే జాగ్రత్తగా ఉండాలండీ. చూడగానే తెలిసిన మాటల్లా కనిపించి తప్పుదోవ పట్టిస్తాయి.

ఎనర్వేట్‌లో మనకు ఎనర్జీ వినిపిస్తుంది. అర్థం మాత్రం పూర్తిగా వ్యతిరేకం: సత్తువ లాగేయడం. లాటిన్‌లో 'నెర్వుస్' అంటే నరం, స్నాయువు. ముందున్న 'ఎ' దాన్ని తీసేయడం. 'ఎనర్వేటింగ్ హీట్' అంటే ఒళ్లు సోలిపోయేలా చేసే ఎండ. ఈ జంటనే నోట్సులో రాసుకోండి, ఎండతో పాటు అర్థమూ గుర్తొస్తుంది.

నాయిసమ్‌కీ నాయిస్‌కీ ఏ సంబంధమూ లేదు. ముక్కు మూసుకోవాల్సినంత కంపు కొట్టేది అని. దాని చుట్టం 'అనాయ్', అంటే విసిగించడం.

పెనల్టిమేట్ అంటే ఆఖరిది కాదు, ఆఖరిదానికి ముందుది. పన్నెండు అధ్యాయాల పుస్తకంలో పదకొండోది. లాటిన్ 'పయేనే' అంటే దాదాపు. పెనిన్సులాలో ఉన్నదీ అదే, దాదాపు ద్వీపం. మన 'ద్వీపకల్పం'లో 'కల్పం' చేసే పనీ సరిగ్గా ఇదే! ఇది తెలిశాక నేనైతే ఆ మాటను మళ్లీ వెతుక్కోలేదు.

డిఫెనెస్ట్రేషన్ అంటే కిటికీలోంచి బయటికి విసిరేయడం. 1618లో ప్రాగ్ కోటలో చక్రవర్తి ప్రతినిధులను అలాగే విసిరేశారు. వాళ్లు బతికారు గానీ, ఐరోపాలో ముప్పై ఏళ్ల యుద్ధం అక్కడే రాజుకుంది.

పెట్రికోర్ తొలకరికి ఎండిన నేల నుంచి లేచే వాసన. 1964లో ఇద్దరు ఆస్ట్రేలియా శాస్త్రవేత్తలు పెట్టిన పేరు. గ్రీకులో 'పెట్రా' రాయి, 'ఇకోర్' దేవతల ఒంట్లో పారే ద్రవం.

ప్రశ్న: చాలా థాంక్సండీ! ఒకే మాటకు డిక్షనరీలో రెండు మూడు అర్థాలుంటే ఏది రాసుకోవాలి?

జవాబు: మీకు ఆ మాట ఏ వాక్యంలో తగిలిందో ఆ వాక్యంతో సహా, అక్కడ పొసిగే అర్థం ఒక్కటే రాసుకోండి. మిగతావి ఎదురైనప్పుడు చేర్చుకోవచ్చు. 'ఫుల్సమ్' లాంటివాటికి మాత్రం రెండూ తెలిసి ఉండాలి. 'ఫుల్సమ్ ప్రెయిజ్' అంటే కొందరికి నిండైన మెప్పు, కొందరికి వెగటు పుట్టించే భజన. ఎవరినైనా మనసారా మెచ్చుకుంటూ ఉత్తరం రాస్తుంటే ఆ మాట వాడకండి.